కల చెప్పిన దైవం: తెలుగు అవతారికలలో స్వప్నప్రామాణ్యం

కావ్యావతారికలో కల కనబడగానే దానిని కావ్యమర్యాదగా గుర్తించి ముందుకు సాగిపోవడం మన విమర్శలో అలవాటుగా మారింది. దైవం కలలో సాక్షాత్కరించి కృతి కోరడం ఒక సంప్రదాయమనీ, అందులో వెదకవలసిన విశేషం లేదనీ భావిస్తున్నాము. దీనివల్ల ఒక మౌలికమైన ప్రశ్న మరుగున పడింది. రాజాజ్ఞ, శాస్త్రవచనం, ఆలయసంప్రదాయం అందుబాటులో ఉండగా కవి తన కలనే ఎందుకు సాక్ష్యంగా నిలబెట్టాడు? తిక్కన, పోతన, కృష్ణదేవరాయల అవతారికలను విశాఖపట్నంలోని సింహాచల క్షేత్రకథతో జోడించి ఈ ప్రశ్నను పరిశీలించడం ఈ వ్యాసోద్దేశం.

స్వప్నం: దర్శనాల దృష్టి, కవుల దృష్టి

కల ప్రమాణమా అన్న విషయంలో దర్శనాలకు ఏకాభిప్రాయం లేదు. గౌడపాదుని మాండూక్యకారికలలోని వైతథ్య ప్రకరణం జాగ్రత్ప్రపంచపు మిథ్యాత్వాన్ని నిరూపించడానికి స్వప్నాన్నే దృష్టాంతంగా గ్రహించింది. పతంజలి యోగసూత్రాల సమాధిపాదం మాత్రం స్వప్నజ్ఞానాన్ని చిత్తస్థైర్యానికి ఆలంబనంగా అంగీకరించింది. మన కవులు ఈ రెండవ దారికి చేరువగా ఉన్నారు. వారి దృష్టిలో కల మిథ్యకు ఉదాహరణ కాదు, కర్తవ్యానికి ఆధారం.

కలలే పునాదిగా మతాన్ని కల్పించడం నేటి కాల్పనిక సాహిత్యంలోనూ కనిపిస్తుంది. ఎన్.కె. జెమిసిన్ ఆంగ్ల నవల 'ది కిల్లింగ్ మూన్' (2012)లో హనంజ అనే దేవత, ఆమె పేర చెలామణి అయ్యే ధర్మశాసనం, జనుల కలల నుండి శక్తిని సేకరించే అర్చకవర్గం ఉన్నాయి. కల ప్రజలది, దానిపై అధికారం అర్చకులది. తెలుగు అవతారికలలో ఇట్టి అర్చకవర్గం లేదు. మధ్యవర్తి అవసరమైన చోట ఇంటి పెద్దే ఆ స్థానంలో నిలుస్తాడు. తిక్కన కలలో మొదట కనిపించేది తండ్రి కొమ్మన. ఎఱ్ఱన నృసింహపురాణంలో ఆ పని తాతది. దైవానికీ కవికీ నడుమ ఉన్నది వంశమే గాని వ్యవస్థ కాదన్న ఈ అంశం గమనింపదగినది.

తిక్కన: కలలో కృతిపతి

తిక్కన తన నిర్వచనోత్తర రామాయణాన్ని మనుమసిద్ధికి అంకితం చేశాడు. విరాటపర్వం మొదలుగా 15 పర్వాల భారతాన్ని హరిహరనాథునికి సమర్పించాడు. ఈ రెండు అంకితాల నడుమ ఉన్నది ఒక కల. రాజు కొలువులో మంత్రిగా ఉన్నవాడు తన మహాకృతిని రాజుకు కాక దైవానికి ఇవ్వడానికి స్వేచ్ఛ ఒక్కటే చాలదు, ఆధారం కావాలి. తండ్రి కలలో వచ్చి దైవానుగ్రహాన్ని తెలపడం, ఆపై హరిహరనాథుడే ప్రత్యక్షం కావడం ఆ ఆధారాన్ని సమకూర్చాయి.

హరిహరమూర్తి తిక్కన సృష్టి కాదు. 6వ శతాబ్ది బాదామి గుహాలయాలలోనే ఆ శిల్పం ఉన్నది. కాని ఆ మూర్తిని భారతానికి కృతిపతిగా నిలిపి, పర్వం తరువాత పర్వం ఆయననే సంబోధిస్తూ కథ చెప్పడం తిక్కన చేసిన పని. శైవ వైష్ణవ భేదాలు తీవ్రంగా ఉన్న 13వ శతాబ్దిలో, ఎముకల దండ ధరించే రూపమా కౌస్తుభం ధరించే రూపమా అన్న ప్రశ్నకు ఎడమివ్వని దైవాన్ని ఆయన ప్రతిష్ఠించాడు. ఈ ప్రతిష్ఠకు అవతారిక చూపే ఆధారం ఒక క్షేత్రం గాని, స్థలపురాణం గాని కాదు, స్వప్నం. క్షేత్రదైవానికి స్థలపురాణం చేసే పనిని ఇక్కడ కల చేసింది.

పోతన, రాయలు

పోతన అనుభవాన్ని కల అనడం సరికాదు. గ్రహణవేళ నదీసైకతంపై మహేశ్వరధ్యానంలో, కన్నులు కొద్దిగా తెరిచి ఉండగా ఆయనకు రాముడు కనిపించాడు. అది నిద్ర కాదు, పూర్తి మెలకువా కాదు. ధ్యానించినది శివుని, దర్శనమిచ్చినది రాముడు. అంటే తిక్కన మూర్తిలో కూర్చిన అభేదమే పోతనకు సంఘటనగా ఎదురైనది.

రాయల విషయం వేరు. రాజే కవి కనుక రాజాశ్రయం నుండి విడివడవలసిన అగత్యం ఆయనకు లేదు. కృష్ణాతీర శ్రీకాకుళంలో ఏకాదశి ఉపవాసానంతరం, రాత్రి నాలుగవ జామున కనిపించిన ఆంధ్రవిష్ణువు తన కథను తెలుగులో చెప్పమన్నాడు. కృతిని వేంకటేశ్వరునికి అంకితమిమ్మనీ, తమ ఇద్దరికీ పేరే భేదమనీ చెప్పాడు. సంస్కృతంలో కావ్యాలు రచించిన రాజుకు ఇక్కడ కావలసినది భాషను ఎన్నుకోవడానికి అధికారం. దానిని కల ఇచ్చింది. మేల్కొన్న రాజు ఆ కలను సభలో చెప్పి పండితుల చేత ఫలం చెప్పించుకున్నాడు. వ్యక్తి స్వప్నం సభలో నలిగి ప్రమాణంగా మారిన క్రమాన్ని ఈ ఘట్టం స్పష్టంగా చూపుతుంది.

అవతారిక ఈ కలను కళింగ దండయాత్రా సందర్భంలోనే చెప్పింది. ఆ యాత్రలో రాయలు విశాఖ ప్రాంతానికి వచ్చాడు. పొట్నూరులో జయస్తంభం నాటాడు. సింహాచలేశునికి ఆభరణాలు సమర్పించినట్లు 1516 నాటి శాసనం తెలుపుతున్నది. విజయానికీ దానానికీ రాయి సాక్ష్యం, కావ్యానికి కల సాక్ష్యం. ఒకే యాత్రలో ఒకే రాజు రెండు విధాల సాక్ష్యాలను వేరు వేరు పనులకు వినియోగించాడు. దీనిని చూచిన తరువాత కలను కేవలం అలంకారంగా భావించలేము.

సింహాచలం: కనబడని రూపం

సింహాచల క్షేత్రకథలో పురూరవుడు ఊర్వశితో కూడి కొండకు వస్తాడు. పుట్టలో మరుగైన స్వామిని కనుగొంటాడు. ఆ ఎరుక కలిగిన విధం ప్రచారంలో ఉన్న కథలన్నిటా ఒకటి కాదు. కొన్నిట కల, కొన్నిట అశరీరవాణి. తొలగించిన మట్టికి బదులు చందనం పూయాలన్నది ఆజ్ఞ. అందువల్లనే ఏడాదికొక్కసారి, అక్షయతృతీయనాడు మాత్రమే నిజరూపదర్శనం. వరాహ నృసింహ రూపాలు రెండూ ఒకటైన ఈ స్వామి చందనం పూతలో శివలింగాకృతిగా కనిపిస్తాడు. తిక్కన కలలో హరిహరులు ఒక్కటైనట్లే, ఇక్కడ పూత కింద వైష్ణవమూర్తి, పూతపైన లింగాకృతి ఒకే చోట ఉన్నాయి. కల మేల్కొన్నవారికి అందదు, నిజరూపం మిగిలిన రోజులలో భక్తులకు అందదు. కనబడని దానిని నమ్మదగినదిగా నిలపడమే రెండింటి పని.

ఎరుక గల కల

కల కంటున్నానన్న ఎరుకతో కనే కలకు డచ్చి మనోవైద్యుడు, రచయిత ఫ్రెడెరిక్ వాన్ ఈడెన్ 1913లో ప్రత్యేకంగా పేరు పెట్టాడు. నిద్రలో ముందుగా నిర్ణయించుకున్న కనుకదలికల ద్వారా ఆ ఎరుకను తెలపవచ్చునని 1970లు, 80లలో జరిగిన ప్రయోగాలు నిరూపించాయి. తిక్కన, రాయలు ఈ అర్థంలో ఎరుక గల కలలు కన్నారని అవతారికలు చెప్పవు, మనం ఆరోపించనూ కూడదు. అవి చూపే ఎరుక మరొక రకమైనది. అది కలలోనిది కాదు, మేల్కొన్న తరువాతిది. కలకు కట్టుబడి రచనకు పూనుకోవడం ఆ ఎరుక స్వరూపం. పోతన అరమోడ్పు కన్నులు ఈ రెంటి నడుమ నిలుస్తాయి.

ముగింపు

అవతారికలోని కల ప్రధానంగా మూడు పనులు నెరవేర్చింది. కావ్యాన్ని రాజు చేతినుండి దైవం చేతికి చేర్చింది. మతభేదాలు పాటించని మూర్తికి ఆమోదం కల్పించింది. తెలుగులో రాయడానికి ఆజ్ఞ ఇచ్చింది. మూడింటా కవి చేసినది అప్పటికి ఆమోదం లేని ఎంపికే. ఆ ఎంపికను తనదిగా ప్రకటించక దైవానిదిగా చెప్పడం వినయమూ కావచ్చు, వ్యూహమూ కావచ్చు. దానిని కావ్యమర్యాద అని దాటవేస్తే కవి తీసుకున్న సాహసాన్నే దాటవేసినట్లవుతుంది. కృతిభర్త నిర్ణయాన్ని చర్చించే ప్రతి పరిశోధనలోనూ ఆ నిర్ణయానికి కవి చూపిన స్వప్నాన్ని ఆధారాలలో ఒకటిగా చేర్చి చదవవలసి ఉన్నది.