ఏ పాత్రకు ఏ పీట?
ఎస్.వి. రంగారావు నటనపై ఒక పునరాలోచన

నటుడి పాత్రలకు వరసలు కట్టడం విమర్శకుడు చేయదగిన పని కాదనే మిత్రులు మనలో ఉన్నారు. అది సినిమా పత్రికల పని అని వారి అభిప్రాయం. నాకు అలా అనిపించదు. వరస కట్టేటప్పుడు మన కొలబద్ద బయటపడుతుంది. దాన్ని దాచుకుని ‘అన్నీ గొప్పవే’ అనడం కంటే బయటపెట్టి తప్పుపట్టించుకోవడం మేలు. నేను పట్టించుకున్న తప్పు ఒకటి ఇక్కడ చెప్పదలిచాను.

పదిహేనేళ్ల కిందట ఒక సాహిత్య సభలో రంగారావు మీద వ్యాసం చదివాను. అందులో మొదటి పీట ‘బంగారుపాప’లోని కోటయ్యకు, రెండోది ‘షావుకారు’లోని సున్నం రంగడికి వేశాను. పౌరాణిక, జానపద పాత్రలను లెక్కలోకే తీసుకోలేదు. కిరీటాలూ గదలూ భూస్వామ్య భావజాలానికి ఆనవాళ్లనీ, నటుడి శక్తి వాటిలో వృథా అయిందనీ అన్నాను. సభలో చప్పట్లు కొట్టారు. చప్పట్లు కొట్టినవాళ్లలో సగం మందికి ‘మాయాబజార్’ కంఠస్థమని నాకు తెలుసు. నాకూ కంఠస్థమే. 2010లో దానికి రంగులద్ది విడుదల చేసినప్పుడు రెండుసార్లు వెళ్లినవాణ్ని. వ్యాసం చదివే మనిషి వేరు, టిక్కెట్టు కొనే మనిషి వేరు అన్నట్టు బతికాను. ఆ తేడా నన్ను చాలాకాలం బాధించలేదు.

బాధించింది మొన్న వేసవిలో. మా ఊరి డిగ్రీ కళాశాల తెలుగు విద్యార్థులు రంగారావు మీద చర్చ పెట్టుకుని నన్ను పిలిచారు. ‘నర్తనశాల’లో కొన్ని దృశ్యాలు తెరమీద వేశారు. కీచకుడు సైరంధ్రిని చూసిన తర్వాతి ఘట్టాలవి. పిల్లలు ఆయన గొంతునూ చూపునూ మెచ్చుకుంటున్నారు. వెనక బెంచీలో ఒక అమ్మాయి లేచి, “సార్, అతను తొందరపడడు చూడండి. ఎలాగూ దొరుకుతుందని అతనికి తెలుసు. మా ఊళ్లో ఇలాంటివాణ్ని చూశాను” అంది. అంతే అని కూర్చుంది. గదిలో కాసేపు ఎవరూ మాట్లాడలేదు.

ఎం.ఏ.లో తిక్కన విరాటపర్వం చదువుకున్నాను. కీచకుణ్ని శృంగారాభాసకు ఉదాహరణగా రాసి మార్కులు తెచ్చుకున్నాను. అతను రాజుగారి బావమరిది అన్న సంగతిని మాత్రం చుట్టరికంగానే చదివాను తప్ప అధికారంగా చదవలేదు. విరాటుడికి సింహాసనం ఉంది, కీచకుడికి సైన్యం ఉంది. రాజే అతనికి జంకుతాడు. అతని కన్ను పడిన మనిషి ఎవరు? అంతఃపురంలో పనిచేసే దాసి. పైగా సొంత అక్కే ఆ దాసిని మద్యం వంకతో తమ్ముడి ఇంటికి పంపుతుంది. ఇది ఏ ఊరి పెద్దింటి కథ కాదు? కిరీటం తీసేస్తే చాలు.

ఈ సంగతి 1963లో రంగారావుకు తెలుసునా అంటే, సిద్ధాంతంగా తెలుసో లేదో మనకు అక్కర్లేదు. ఆయన దేహానికి తెలుసు. పద్యనాటకంలో కీచకుడంటే మీసం మెలివేసి, తొడగొట్టి, అరిచేవాడు. రంగారావు కీచకుడికి అరవాల్సిన అవసరం లేదు. అడిగితే కాదనేవాడు లేనివాడు గొంతు ఎందుకు పెంచుతాడు? నవ్వుతాడు, మత్తుగా చూస్తాడు, నెమ్మదిగా కదులుతాడు. ఆ నెమ్మదిలోనే భయం ఉంది. ఎదురుగా సావిత్రి సైరంధ్రి ఎంత బెదిరితే అతనికి అంత తీరిక. కమలాకర కామేశ్వరరావు దర్శకత్వంలో సెట్లూ నగలూ ఎంత బరువుగా ఉన్నా మనిషి వాటి కింద నలగలేదు.

ఈ పాత్రకే 1964లో జకార్తాలో జరిగిన ఆఫ్రో ఆసియా చలనచిత్రోత్సవంలో రంగారావుకు ఉత్తమ నటుడి బహుమతి వచ్చింది. తెలుగువాడి ప్రతిభను విదేశీయులు గుర్తించారని మనం మురిసిపోతాం గానీ, ఆ విదేశీయులెవరో ఆలోచించం. జావావాళ్లకు విరాటుడి కొలువు కొత్తది కాదు. పదో శతాబ్దం చివరికే విరాటపర్వం పాత జావా భాషలోకి వచన రూపంలో వెళ్లింది. మన తిక్కన కంటే ముందన్నమాట. తోలుబొమ్మల తెరమీద భారతం చూస్తూ పెరిగిన నేల అది. కథ తెలిసినవాళ్ల ముందు కథతో మెప్పించడం కుదరదు, మనిషిని చూపించాలి. ఆ బహుమతి విలువ నాకు ఇప్పుడు ఇంకా పెద్దదిగా కనిపిస్తోంది.

ఇక కోటయ్య. బి.ఎన్. రెడ్డి 1955లో తెచ్చిన ‘బంగారుపాప’కు మూలం జార్జ్ ఇలియట్ 1861లో రాసిన ‘సైలస్ మార్నర్’. ఆ నవలలోని నేతపనివాడు నమ్మినవాళ్ల చేతిలో మోసపోయి, మనుషుల్ని వదిలి బంగారు నాణేలు లెక్కపెట్టుకుంటూ బతుకుతాడు. నాణేలు దొంగల పాలవుతాయి, ఒక పసిపిల్ల దొరుకుతుంది. పాలగుమ్మి పద్మరాజు కలం ఆ కథను మన నేలకు తెచ్చింది. కోటయ్య మొరటువాడు, లోకం మీద కసి ఉన్నవాడు. రంగారావు ఆకారం చూస్తే పిల్లలు జడుసుకోవాలి. ఆ ఆకారమే ఒక పాపకు ఊయల అవుతుంది. ఈ మార్పును మాటలతో చెప్పించడం సులువు, భుజాలతో చేతులతో చెప్పడం కష్టం. కరుకుదనం ఒక్కసారి పోదు. పాపను ఎత్తుకున్నా చేతులు ఆ మొరటు చేతులే, వాటికి ఎత్తుకోవడం కొత్త. పెద్ద దేహం ఉన్న నటులు సాధారణంగా దాన్ని ఆయుధంలా వాడతారు. ఆ దేహాన్నే చూసుకుని సిగ్గుపడే మనిషిని ఇక్కడ చూస్తాం. పాత వ్యాసంలో కోటయ్యకు మొదటి పీట వేసింది అతను పేదవాడనే కారణంతో. పీట సరైనదే గానీ కారణం తప్పు. పేద పాత్రలు రంగారావు ఇంకా వేశారు. అన్నీ కోటయ్యలు కాలేదు.

‘మాయాబజార్’ దగ్గరికి వస్తే నా పాత వ్యాసం చింపేయాలనిపిస్తుంది. 1957లో ఘటోత్కచుడు వేసేనాటికి ఆయనకు నలభై నిండలేదు. ఆ పాత్ర గొప్పతనానికి రుజువు ఆయన కనిపించే దృశ్యాల్లో కంటే కనిపించని దృశ్యాల్లో బాగా దొరుకుతుంది. ఘటోత్కచుడు శశిరేఖగా మారిన తర్వాత తెరమీద ఉన్నది సావిత్రి. కానీ ఆ నడక ఎవరిది? ఆ మెడ విరుపు, ఆడవేషంలో దాచలేక దాచుకునే ఆ మగఠీవి ఎవరివి? ఒక నటుడి ఆంగికం భాషంత స్పష్టంగా ఉంటే తప్ప మరొకరు దాన్ని తమ దేహంలో తిరగరాయలేరు. సావిత్రి ప్రతిభను తక్కువ చేయడం లేదు. ఇద్దరికీ సగం సగం పంచుతున్నాను. వింత ఏమిటంటే ‘మిస్సమ్మ’లో ఈ సావిత్రే ఆయనకు తప్పిపోయిన కూతురు, ‘నర్తనశాల’లో ఆయనకు చిక్కిన దాసి. ఇక్కడ మాత్రం సాక్షాత్తు ఆయనే.

తెలుగు మాస్టారిగా ఘటోత్కచుడి మీద నాకు ఇంకో అభిమానం ఉంది. సంయుక్తాక్షరాలు నోరు తిరగని శిష్యుడు ‘అసమదీయులు’ అంటే, ఆ జత కోసం ‘తసమదీయులు’ పుట్టిస్తే, గురువు చిన్నమయ్య నొచ్చుకుంటాడు. రాజు మాత్రం మెచ్చుకుంటాడు. ఎవరో ఒకరు పుట్టించకపోతే మాటలెక్కడివని ఆయన వాదన. పింగళి నాగేంద్రరావు ఆ మాటను రంగారావు నోట పెట్టడం యాదృచ్ఛికం కాదు. గిడుగు రామమూర్తి ఉద్యమం ఫలితం అనుభవిస్తున్న మనమందరం ఆ రాజుకు బాకీ ఉన్నాం. ఆ సన్నివేశంలో రంగారావు ముఖంలో పసివాడూ ఏలికా కలిసే ఉంటారు. అడవివాళ్లు కౌరవుల పెళ్లిని తలకిందులు చేయడం వర్గపోరాటమని ఒక మిత్రుడు ఎప్పుడో వాదించాడు. అంత దూరం లాగితే తెగుతుంది. బలరాముడి ఆస్థానం మీద ఎగతాళి ఉన్నమాట నిజం, అది చాలు.

‘పాతాళభైరవి’ నేపాళ మాంత్రికుడి సంగతి ఎక్కువ చెప్పనక్కర్లేదు. ‘డింభకా’ అన్న ఒక్క సంబోధన తెలుగువాళ్ల నాలుక మీద ఇన్నేళ్లు నిలిచిందంటే అది ఉచ్చారణ సాధించిన విజయం. 1951లో ఆయన వయసు ముప్పై రెండు. అగ్నిమాపక శాఖలో ఉద్యోగం చేసి, కాకినాడ యంగ్‌మెన్స్ హ్యాపీ క్లబ్బు నాటకాల్లో ఆరితేరి వచ్చినవాడు. నాటకపు గొంతును మైకుకు తగినట్టు తగ్గించడం తెలిసినవాడు. కానీ మాంత్రికుడిలో మనకు తెలిసిన మనిషి తక్కువ. వేషం ఎక్కువ. ఆ వేషం అద్భుతం, అందుకే నాలుగో పీట. దానికి ఏడాది ముందు వచ్చిన సున్నం రంగడు ఐదు. పాత్ర చిన్నది, మనిషి అసలైనవాడు. పల్లెటూరి రౌడీకి తెలుగు తెరమీద మట్టి వాసన వేసింది ఆ పాత్రలోనే అని నా నమ్మకం.

తలనొప్పి తెచ్చింది ‘మిస్సమ్మ’. 1955 నాటి సినిమా. ఉద్యోగం కోసం మొగుడూ పెళ్లాలుగా నటించే ఇద్దరు పంతుళ్ల కథ కనుక మా వృత్తివాళ్లందరికీ అది స్వంతం. ఆ బడి నడిపే జమీందారు గోపాలం పాత్రలో, ముప్పై ఆరేళ్ల వయసులో, రంగారావు తండ్రితనానికి నిలువెత్తు రూపం అయ్యారు. చిరాకు లేదు, కోపం లేదు, ఆప్యాయతే. ఇక్కడే నా పేచీ. మద్రాసు రాష్ట్రంలో జమీందారీల రద్దు చట్టం 1948లో వచ్చింది. అది వచ్చి ఏడేళ్లయిన తర్వాత తెరమీదికి వచ్చిన ఈ జమీందారుకు భూమి ఎక్కడిదో, శిస్తు ఎవరు కట్టారో అడగాలనే తలపే మనకు రాదు. రాకుండా చేసింది ఆ నటుడి మంచితనం. కీచకుడిలో అధికారాన్ని బయటపెట్టిన దేహమే గోపాలంలో దాన్ని కప్పేసింది. నటన లోపమని అనను. నటన అంత బాగుంది కనుకే కప్పగలిగింది. చక్రపాణి రచనకు, ఎల్.వి. ప్రసాద్ దర్శకత్వానికి కావలసిందీ ఆ హాయి నవ్వే. వాళ్లకు కావలసింది ఇచ్చాడు.

కనుక ఇప్పటి నా వరస: కీచకుడు, కోటయ్య, ఘటోత్కచుడు, నేపాళ మాంత్రికుడు, సున్నం రంగడు. కోటయ్యను రెండోదానికి దించడానికి నాకు వారం పట్టింది. కోటయ్యను చూసి మనం కరుగుతాం, బాగానే ఉంటుంది. కీచకుణ్ని చూసి వెనక బెంచీ పిల్ల తన ఊరివాణ్ని గుర్తుపట్టింది. ఆ గుర్తింపు పౌరాణికం ఇచ్చింది, నేను పదిహేనేళ్లు తలుపు బయట నిలబెట్టిన పౌరాణికం. సాంఘికమని పేరున్నంత మాత్రాన ‘మిస్సమ్మ’ ఇవ్వలేదు.

‘బాంధవ్యాలు’, ‘చదరంగం’ సినిమాలకు ఆయనే దర్శకుడు. నటుడు తనను తాను ఎలా చూసుకున్నాడో వాటిలో వెదకాలి. అది వేరే వ్యాసం. దాసరి నారాయణరావు తొలి చిత్రం ‘తాత మనవడు’లో కొడుకు ఆదరించని తండ్రిని చూసి ఏడ్వనివాళ్లు లేరు. నేనూ ఏడ్చాను. కన్నీళ్లు లెక్కపెట్టి పీట వేయదలచుకోలేదు.

ఈ వరసను మా స్టాఫ్‌రూములో చదివి వినిపించాను. లెక్కల మాస్టారు కాగితం తీసుకుని ఘటోత్కచుడి ముందు ఒకటి వేసి, మిగతావి కొట్టేసి ఇచ్చారు. హిందీ టీచరుగారు ‘మిస్సమ్మ’ లేని జాబితా చదవనన్నారు. బడి నడిపే యజమాని నెలనెలా జీతం ఇచ్చి, పైగా ప్రేమగా మాట్లాడితే అంతకంటే ఏం కావాలని ఆవిడ ప్రశ్న. ప్రైవేటు బళ్లలో పదకొండేళ్లు పనిచేసి వచ్చిన మనిషి. ఆవిడకు నేనింకా జవాబు చెప్పలేదు.