అంతులేని కథ చెప్పిన వారు

ధారావాహికను తమిళులు ‘తొడర్ కథై’ అందురు. 1974లో శ్రీ కె. బాలచందర్ తీసిన చిత్రమునకు ‘అవళ్ ఒరు తొడర్ కథై’ అని పేరు పెట్టినారు. రెండేండ్లకు వారి చేతనే అది మన భాషలో ‘అంతులేని కథ’ అయినది. ఇంటిల్లిపాదిని పోషించు ఉద్యోగిని పెండ్లిపీటల దాకా వచ్చి, ఆ భాగ్యమును చెల్లెలికి విడిచి, మరల ఉద్యోగమునకే బయలుదేరును. మదరాసులో దూరదర్శన కేంద్రము వెలసినది 1975లో. అంతకు ముందే వీరిలో ధారావాహిక రచయిత సిద్ధముగా ఉన్నాడని నా అభిప్రాయము.

1990 దశకములో వారు ‘రైల్ స్నేహం’, ‘కైయళవు మనసు’ వంటివి తీయగా, పెద్ద దర్శకుడు చిన్నతెరకు దిగినాడని జాలిపడినవారు కలరు. ఆ జాలి అనవసరము. అకౌంటెంట్ జనరల్ కార్యాలయములో గుమాస్తాగిరీ చేసుకొనుచు నాటకములు వ్రాసిన మనిషి ఆయన. 1965 నాటి తొలి చిత్రము ‘నీర్‌క్కుమిళి’ ఒక ఆసుపత్రిలో నడచును. ‘ఎదిర్ నీచ్చల్’ పలు కుటుంబములు కాపురముండు ఒక లోగిలిలో. నాలుగు గోడలు, నలుగురు మనుషులు, వారి మాటలు – వీరి సామగ్రి ఇంతే. అది చిన్నతెరకు సరిగ్గా సరిపోయినది.

నిర్మాతగా వారి మనసు మరింత విశాలము. వారి కుటుంబ సంస్థ ‘మిన్‌బింబంగళ్’ నుండి వెలువడిన ‘మర్మదేశం’ నాగా దర్శకత్వములోనిది; దాని భయము, దాని చీకటి గురువుగారి బాణీ కానే కావు. తన వంటివారినే పెంచు పెద్దలున్న రంగములో ఇది చిన్న గుణము కాదు.

లోపములును కలవు. పాత్రలన్నియు రచయితయంత తెలివిగా మాట్లాడును. గడుసు మాట ఒకటి దొరికినచో సన్నివేశము ముగిసినను దానిని విడువరు. చిత్రములో రెండు గంటలకు చెల్లిన ఈ అలవాటు, నెలల తరబడి సాగు కథలో విసుగు పుట్టించును.

2003లో వచ్చిన ‘సహానా’ను మాత్రము తీరికగా తలపోయవలెను. 1985 నాటి ‘సింధు భైరవి’కి అది కొనసాగింపు. ఆ చిత్రములో సింధు కచేరీ నడుమ లేచి, తమిళములో ఏల పాడరని విద్వాంసుని నిలదీయును. అప్పుడాయన పాడుచున్నది తెలుగు కీర్తన. మనవారిలో కొందరికి ఆ ఘట్టము ముల్లువలె గుచ్చుకొన్నది. నాకును గుచ్చుకొన్నది, కాని ఆమె అడిగినది న్యాయమే. వినువానికి తెలియవలెనన్నది ఆమె పట్టు. సభలో ఎవరికిని అర్థము కానిదిగా నిలిచిన ఆ భాష మన వంటింటి భాష యగుట మన విచిత్రస్థితి.

కడకు సింధు తన బిడ్డను భైరవికి అప్పగించి వెడలిపోవును. చిత్రము ముగిసినది. ఆ బిడ్డ ఏమైనదని పదునెనిమిదేండ్లకు అడిగినదే ‘సహానా’. శివకుమార్ ధరించిన విద్వాంసుని పాత్రను ఇందు వై.జి. మహేంద్రన్ ధరించినారు. పోలికలు వెదకి నిరాశపడినవారు అసలు ప్రశ్నను గమనింపలేదు: ఇద్దరు తల్లుల బిడ్డ ఎవరిని అమ్మా అనవలెను? మా ఇంటి ఆడవారు ఆ తమిళ కథను చూచి, దానిపై తగవులాడినది తెలుగులో.

ఇచట ‘మరో చరిత్ర’ జ్ఞప్తికి వచ్చును. 1978లో విశాఖ సముద్రతీరమున తమిళ బాలు, తెలుగు స్వప్న ప్రేమించి మరణించిరి. ఆ తెలుగు చిత్రమును అనువాదము లేకుండగనే మదరాసు జనము ఏడాదికి పైగా చూచినారు. 2014 డిసెంబరులో శ్రీ బాలచందర్ కన్నుమూసిన వార్త విన్ననాడు నాకు తోచినది ఇది: సింధు బిడ్డ వెంట నడచిన ఆ కలము బాలూస్వప్నలను బ్రతికించి, వారికొక కాపురమును పెట్టి, వారము వారము ఆ ఇంటి తలుపు తీసియుండినచో, ఆ పిల్లలు అమ్మతో ఒక భాష, అవ్వతో ఒక భాష మాట్లాడుచు బడికి పోయెడివారు. ఆ ఇల్లు మనకు తెలిసినదే.