పాయింట్ల పట్టిక, అభ్యావేదన కాగితం

బిలాస్‌పూర్‌లో ఆగ్నేయ మధ్య రైల్వే ప్రధాన కార్యాలయం ఉంది, ఛత్తీస్‌గఢ్ హైకోర్టూ ఉంది. బదిలీలో అన్యాయం జరిగిందనుకున్న రైల్వే ఉద్యోగి ముందుగా కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్‌ తలుపు తడతాడు. ప్రభుత్వ బడి టీచరుకు ఆ మధ్య మెట్టు లేదు. దాదాపు 400 కిలోమీటర్ల దూరంలోని జగ్‌దల్‌పూర్ టీచరైనా సరే, బిలాస్‌పూర్ పక్కనే బోద్రీలో ఉన్న ఆ హైకోర్టులోనే పిటిషన్ వేసుకోవాలి. తెలుగు రాష్ట్రాల్లోనూ ఇప్పుడు ట్రిబ్యునల్ లేదు. దారి ఒకటే. కోర్టు ముందు పెట్టే ప్రశ్నలో మాత్రం చాలా తేడా ఉంది.

2025లో ఛత్తీస్‌గఢ్ ప్రభుత్వం ‘యుక్తియుక్తకరణ్’ చేపట్టింది. మన దగ్గర రేషనలైజేషన్ అనేది ఇదే. 10 వేలకు పైగా బడులను విలీనం చేసి (వీటిలో ఎక్కువ ఒకే ఆవరణలో ఉన్నవే), మిగులు తేలిన టీచర్లను ఖాళీ బడులకు, ఏకోపాధ్యాయ బడులకు పంపింది. అసలు టీచరే లేని ప్రాథమిక బడులు 200 దాటాయని సర్కారే చెప్పింది. కాబట్టి ఉద్దేశాన్ని తప్పుపట్టలేం. పేచీ అంతా లెక్క దగ్గరే. 2008 నాటి ‘సెటప్’ (బడికి ఇన్ని పోస్టులనే లెక్క) ప్రకారం చిన్న ప్రాథమిక బడికి ఒక ప్రధానోపాధ్యాయుడు, ఇద్దరు టీచర్లు. విద్యాహక్కు చట్టం ప్రకారం 60 మంది పిల్లల వరకు ఇద్దరు చాలు. ఆ ఇద్దరిలో హెడ్‌మాస్టరునూ కలిపి లెక్కేస్తే 50 మంది పిల్లలున్న బడిలో ఒకరు మిగులైపోతారు. సీనియారిటీ తేదీ ఒకటి తప్పు పడితే ఆ ఒక్కరు ఎవరన్నదే మారిపోతుంది. అభ్యంతరాలు చెప్పుకోవడానికి తగినంత వ్యవధి ఇవ్వలేదని సంఘాలు మండిపడ్డాయి. ఇలాంటి కేసుల్లో కోర్టులు తరచూ ఇచ్చే ఊరట ఒకటే: అధికారికి అభ్యావేదన (వినతిపత్రం) పెట్టుకోండి, ఆయన ఇంత గడువులోగా తేలుస్తారు. ఫైలు తిరిగి తిరిగి మొదటి బల్లకే చేరుతుంది. అదీ ఒక్కో టీచరుకు ఒక్కో ఫైలు.

తెలుగు రాష్ట్రాల్లో కథ పాయింట్ల చుట్టూ తిరుగుతుంది: పాయింట్లు ఎక్కువున్నవారికి చోటు ఎంచుకోవడంలో ముందు వరుస. ఆంధ్రప్రదేశ్ 2025లో బదిలీలకు ఏకంగా చట్టమే చేసింది. ఒకే బడిలో టీచరుకు ఎనిమిదేళ్లు, హెడ్‌మాస్టరుకు ఐదేళ్లు నిండితే కదలక తప్పదు. ఒకటో కేటగిరీ బడిలో ఏడాదికి ఒక పాయింటు, మారుమూల బడులుండే నాలుగో కేటగిరీలో ఐదు. తెలంగాణ 2023 జనవరిలో జీవో 5 తెచ్చి దంపతులకూ, గుర్తింపు పొందిన సంఘాల నేతలకూ పది పాయింట్లు అదనంగా ఇచ్చింది. దాన్ని సవాలు చేస్తే హైకోర్టు బదిలీలు ఆపింది. ఆగస్టులో స్టే సడలించినప్పుడు దంపతుల పాయింట్లకు అభ్యంతరం చెప్పలేదు, నేతల పాయింట్లను మాత్రం పక్కన పెట్టింది.

అధికారి విచక్షణకూ, రాసిపెట్టిన నిబంధనకూ తేడా తెలియాలంటే 1991 నాటి శిల్పీ బోస్ కేసు చూడాలి. బిహార్‌లో కొందరు టీచర్లను వారి కోరిక మీదే భర్తలు పనిచేసే చోట్లకు బదిలీ చేశారు. స్థానం కోల్పోయినవారు కోర్టుకెక్కారు. దురుద్దేశమో, తప్పనిసరి నిబంధన ఉల్లంఘనో ఉంటే తప్ప బదిలీల్లో కోర్టులు తలదూర్చకూడదని సుప్రీంకోర్టు తేల్చింది. మార్గదర్శకాలకు చట్టబలం లేదని 1993లో అబ్బాస్ కేసులో మరింత స్పష్టం చేసింది. దంపతుల అంశం బిహార్‌లోనూ, తెలంగాణలోనూ ఒకటే. బిహార్‌లో అది అధికారి చేతిలోని విచక్షణ. దురుద్దేశాన్ని రుజువు చేయడం సామాన్య టీచరుకు సాధ్యమయ్యే పని కాదు. తెలంగాణలో అది కాగితం మీది నిబంధన. సమానత్వమనే గీటురాయి మీద దాన్ని గీసి చూడవచ్చు. కోర్టు ఇచ్చే ఒక్క ఉత్తర్వు వేలమంది జాబితాను సరిదిద్దుతుంది.

అంతమాత్రాన పాయింట్ల పద్ధతి నిర్దోషి కాదు. నిబంధన ఉన్నా గాయం తప్పదని 2021 డిసెంబరు నాటి తెలంగాణ జీవో 317 చూపించింది. కొత్త జిల్లాలకు కేటాయింపు సీనియారిటీ మీదే సాగినా స్థానికత పోయిందని, భార్య ఒక జిల్లా, భర్త ఒక జిల్లా అయ్యారని టీచర్లు ఏళ్ల తరబడి పోరాడారు. ఇంకో లోపమూ ఉంది. పాయింట్లు కొలిచేది టీచరు కష్టాన్నే. బడి ఎన్నేళ్లుగా ఖాళీగా ఉందో ఆ పట్టికలో ఏ గడీలోనూ కనబడదు. మారుమూల ఖాళీలు నిండటానికి పట్టణాల పక్క ఖాళీలను బ్లాక్ చేయాల్సి రావడం అందుకే. ఛత్తీస్‌గఢ్ ఎంత మోటుగా చేసినా ఖాళీ బడి దగ్గర మొదలుపెట్టింది.

నా ఓటు మాత్రం పాయింట్లకే. ఛత్తీస్‌గఢ్ లక్ష్యం సరైనదే అయినా, మిగులు జాబితాను ముందే గోడకు అంటించి, అభ్యంతరాలు విని, తర్వాతే కౌన్సెలింగ్ పెట్టాలన్న క్రమాన్ని చట్టంలో రాసుకోవాలి. మన రాష్ట్రాలు ఖాళీ బడి వయసుకూ పట్టికలో ఒక గడి కేటాయించాలి. కేసులు ఎలాగూ ఆగవు. అవి ‘నన్నెందుకు పంపారు’ అనే దగ్గరే ఆగిపోకుండా ‘ఈ నిబంధన ఎందుకు’ అని అడిగేలా ఉంటే, వచ్చే ఏడాది అదే పిటిషన్ ఇంకో పేరుతో వేసే అవసరం తగ్గుతుంది.