ఏలేరు వరద: కొండయా, కట్టయా?

అడ్డతీగల కొండలలో కురిసిన వాన వాగుల వెంట ఏలేరును చేరి, ఏలేశ్వరము జలాశయమునకు వచ్చును. 2024 సెప్టెంబరులో ఆ జలాశయము నిండగా, వదలిన నీరు గొల్లప్రోలు, పిఠాపురము ప్రాంతముల వరిచేలను ముంచెను. ఇట్టి వరదల ప్రసంగము వచ్చినపుడెల్ల ఒకరు కట్టలు పెంచుమందురు. మరియొకరు కొండపై అడవిని పెంచిన చాలునందురు. రెండును సగము సత్యములే.

జలాశయము సుమారు 24 టి.ఎం.సి. నీటిని పట్టును. కాని సాగునకును, విశాఖ ఉక్కు కర్మాగారమునకును నీరు కూడబెట్టుట దాని పని. అందుకై అది వానకాలాంతమునకు నిండియుండవలెను. వరదను ఆపుటకో, ఖాళీగా నుండవలెను. నిండిన కుండలో మరి చెంబెడు పోసిన నిలుచునా? ఈ చిక్కును ఎంత గట్టి కట్టయు తీర్చజాలదు.

అడవినేల ఆకుల పొర క్రింద, వేళ్ల సందులలో నీటిని ఇంకించుకొనును. అదనముగా 5 సెంటీమీటర్ల వాన ఇంకినను చదరపు కిలోమీటరునకు 5 కోట్ల లీటర్లు ఆగును. ఇది స్వల్పము కాదు. (పోడు రైతునొక్కనినే నిందించువారు కొండలను త్రవ్వి వేసిన బాటలను చూడరు.) అయినను దినముల తరబడి ముసురు పట్టిన పిదప ఆ నేలయు నిండిన కుండయే.

ఉభయులును మరచినది గేటు ఎత్తు వేళ. వాయుగుండము సూచన అందగానే కొంత నీరు వదలిన చోటు ఏర్పడును. తీరా వాన రాకున్న రబీ పైరునకు నీరు చాలదు. ఆ నష్టమును ఎవరు భరింతురో ముందుగా తేల్చనిచో ఏ ఇంజనీరు ధైర్యముగా గేటు ఎత్తును?