రోక్ ద్వీపపు మాంత్రికులు

ఇంద్రజాల కథలు పసిపిల్లలను నిద్రపుచ్చుటకే గాని వివేకవంతులు చదువదగినవి కావని తలచువారు మనలో పెక్కురు గలరు. వారి మాటను బొత్తిగా త్రోసివేయజాలము. గారడియే ప్రాణముగా గల కథలు వేనవేలు. కాని కనికట్టును వర్ణించుచు ఆ కనికట్టునే పరీక్షకు నిలిపిన గ్రంథములు అరుదు. అమెరికా రచయిత్రి ఉర్సులా లెగ్విన్ (1929-2018) ఎర్త్‌సీ యను కల్పిత ద్వీపసముదాయమును గూర్చి వ్రాసిన ఆరు గ్రంథములు అట్టివి. వానిలో రోక్ ద్వీపమందలి మాంత్రికుల సంఘమును మాత్రమే యిచట విమర్శింపదలచితిమి.

రోక్ నందొక విద్యాలయము గలదు. తొమ్మండుగురు ఆచార్యులు, వారిపై నొక ప్రధానమాంత్రికుడు. ఒకరు కనికట్టును, ఒకరు ఓషధులను, ఒకరు గాలిని త్రిప్పు విద్యను, మరియొకరు వస్తువుల నిజనామములను నేర్పుదురు. 1968లో వెలువడిన మొదటి గ్రంథమున గెడ్ యను కంచరి కుమారుడు అచట చేరి, గులకరాతిని నిజముగా వజ్రముగా మార్చుట యెట్లని యడుగును. రాయి వజ్రముగా కనబడుట వేరు, వజ్రమగుట వేరని ఆచార్యుడు బోధించును. మొదటిది చూపరి కంటిని మాత్రమే మోసగించును. రెండవదానికి వస్తువు నిజనామమునే మార్పవలెను, దానివలన లోకపు సమతౌల్యము చెదరును. గర్వముచే గెడ్ ఈ హితవు పాటింపక మృతుల నావాహనము చేయగా, ఒక చీకటి నీడ లోకమున ప్రవేశించును. ఆ రంధ్రమును మూయుటకై నాటి ప్రధానమాంత్రికుడు తన ప్రాణమునే ధారపోయును. మంత్రమునకు మూల్యము గలదని యింత స్పష్టముగా జెప్పిన కథను మేము వేరొకటి యెరుగము.

ఈ గ్రంథమున మాకు మిక్కిలి నచ్చిన ఘట్టము విద్యాలయమున లేదు, ఒక వంటయింట నున్నది. గెడ్ మిత్రుని చెల్లెలు యారో పదునాలుగేండ్ల పిల్ల. పొయ్యి యొద్ద రొట్టెలు కాల్చుచుండును. మంత్రముతోనే భోజనము సృజించుకొనరాదా యని ఆమె మాంత్రికుల నడుగును. అట్టి భోజనము వాసనయు రుచియు గలిగి కడుపును భ్రమింపజేయును గాని ఆకొన్నవానికి బల మీయదని ఆమెకు ఉత్తరము లభించును. మంత్రవిద్య కొలది యంతయు ఈ చిన్నదాని ప్రశ్నతో తేటపడినది. ఐనను ఆ ప్రశ్న వేసిన పిల్లకు రోక్ విద్యాలయమున చోటు లేదు. అచట పురుషులకే ప్రవేశము. గ్రామములందు మంత్రము నెరిగిన స్త్రీలు గలరు గాని వారి విద్య నీచమని సామెతలు పుట్టినవి. రచయిత్రియు నాడు దీనిని ప్రశ్నింపలేదు, లోకసహజమనియే వ్రాసికొనిపోయినది.

ఇరువదిరెండేండ్లు గడచిన పిదప, 1990లో వెలువడిన ‘టెహాను’ యందు ఆమె దృష్టి మారినది. మూడవ గ్రంథాంతమున శక్తి నంతయు గోల్పోయిన గెడ్ ఇందు మేకలు గాయును. కథ వితంతువైన టెనార్‌ది. నిప్పులో త్రోయబడి కాలిన యొక బాలికను ఆమె పెంచుకొనుచుండును. ఎంగిలి పళ్లెములు కడుగుట ఆడువారి పనియని టెనార్ కుమారుడు త్రోసిపుచ్చు చోటు చదివి, అది మన యిండ్లలోని మాటయే యని తలపని గృహిణి యుండదు. పిమ్మట 2001లో ప్రకటించిన కథాసంపుటిలో రోక్ పూర్వచరిత్ర బయటపడినది. గెడ్ కాలమునకు సుమారు మూడువందల యేండ్లకు ముందు, పడవలు గట్టువాని కొడుకు మెడ్రాయు, రోక్ ద్వీపపు స్త్రీలును గలసి ఆ విద్యాలయమును స్థాపించిరట! పునాది వేసినవారినే తరువాతివారు గడప దాటనీయలేదు, వారి పేరును మరపించిరి. గులకరాతిని వజ్రముగా జూపుట యేపాటి మాయ? స్త్రీకి ఈ విద్య యెన్నడును లేదని స్త్రీలచేతనే నమ్మించుట రోక్ సంఘము పన్నిన మాయలన్నిటిలో పెద్దది.

తొలి గ్రంథములను దిద్ది తన పొరపాటును గప్పిపుచ్చుకొనక, అది యున్నచోటనే యుంచి దాని మూలమును వెదకిన రచయిత్రి నిజాయితీ కొనియాడదగినది. ఐనను ఒక లోపము జూపక తప్పదు. అదే సంపుటిలో ఇరియన్ అను యువతి పురుషవేషమున రోక్ చేరును. ద్వారపాలకుడు గుర్తించియు లోనికి విడుచును. ఏ ప్రాణియైనను నిజరూపమునే ధరించునట్టి కొండపై ఆమె మహాసర్పమై, రెక్కలు విప్పి యెగిరిపోవును. కాలిన బాలికయు తుదకు ఆ సర్పముల సంతతియే యని తేలును. ఘట్టము లద్భుతములే; కాని సర్పము గాని సామాన్య బాలిక ఆ తలుపు దట్టిన నేమగును? అసాధారణురాలికి దారి యిచ్చుట సంస్కరణము కాదు. పొయ్యి యొద్ద కూర్చున్న యారోకు ఆ తలుపు దెరచినప్పుడే అది సంస్కరణము.

ఈ కొరత యున్నను ఈ గ్రంథములు మన యిండ్లకు రావలెనని మా కోరిక. మొదటిదానిని బాలబాలికల కిరువురకు నీయవచ్చును. ‘టెహాను’ యందలి క్రౌర్యము పసివారికి తగదు గావున, వయసు వచ్చిన పిదప దానిని తప్పక చదివింపవలెను. మొదటిది మాత్రము చదివి విరమించినవారు రోక్ మాయలో సగమునకు లోబడియే యుందురు.