తెరమీది స్థూలకాయము: ‘ది వేల్’

2022లో డారెన్ అరొనాఫ్‌స్కీ దర్శకత్వమున వెలువడిన అమెరికన్ చిత్రము ‘ది వేల్’. ఇందులో చార్లీ సుమారు 270 కిలోల బరువుగల ఇంగ్లీషు అధ్యాపకుడు. తన రూపము విద్యార్థుల కంట పడకుండ, కెమెరా చెడిపోయినదని బొంకి, గొంతుతోనే పాఠములు చెప్పును. ఈ ఘట్టము చిత్రమునకు ప్రాణము. అతనిని గదిలో బంధించినది బరువొక్కటే కాదు, లోకుల చూపు కూడ.

కృత్రిమ దేహము తొడిగి నటించిన బ్రెండన్ ఫ్రేజర్‌కు 2023లో ఆస్కార్ బహుమతి లభించినది. ఆ కన్నులలోని ఆర్ద్రత మెచ్చదగినది. గుండె వైఫల్యమువలని ఆయాసమును అతడు నమ్మునట్లు చూపినాడు.

కాని దుఃఖమువలన తిండి, తిండివలన బరువు అని చిత్రము కారణమును రెండు మెట్లలో ముగించినది. శాస్త్రము ఇంకను లోతునకు పోవును. 1994లో ఫ్రీడ్‌మన్ బృందము కనుగొన్న లెప్టిన్ అను హార్మోను, కొవ్వు నిల్వల సంగతిని మెదడునకు తెలుపును. పుట్టుకతో అది లోపించిన పిల్లలకు ఆకలి తీరదు. ఆ హార్మోను ఇచ్చినచో తగ్గును. అట్టివారు బహు అరుదు. అయితే సామాన్యులలో సైతము బరువు తగ్గినకొలది లెప్టిన్ తగ్గి, ఆకలి హెచ్చును. కనుక ఆకలి కేవలము మనోనిగ్రహమునకు లొంగునది కాదు.

ఈ సంగతి విడిచి, తిండి ఘట్టములను ఏవగింపు కలుగునట్లు చూపుట పెద్ద లోపము. జాలి కోరుచునే చిత్రము అతనిని వింత వస్తువుగ చేసినది. లావుగానున్న పిల్లవానికి తోటివారు పేర్లు పెట్టు తరగతిలో ఉపాధ్యాయుడు మొదట సరిదిద్దవలసినది ఈ చూపునే.