కొన్న ఆట ఎవరి వశమున ఉన్నది?

చేతిలో ఇమిడెడు ఆటల యంత్రములలో నింటెండో 3డి.ఎస్. పేరు పొందినది. జపాను దేశపు నింటెండో కంపెనీ దీనిని 2011 ఫిబ్రవరిలో విడుదల చేసినది. ప్రత్యేకమైన కళ్ళద్దములు పెట్టుకొనకయే తెరమీది బొమ్మలకు లోతు కనిపించుట దీని విశేషము. ప్రపంచమంతట 7 కోట్ల 50 లక్షలకు పైగా యంత్రములు అమ్ముడుపోయినవి. ఆ తెరను కొందరు మెచ్చుకొనిరి, కొందరు తలనొప్పి యనిరి; అది వేరు సంగతి. యంత్రమునకు విలువ కట్టునపుడు తెర ఒక్కటే చాలదు. దానికొరకు డబ్బిచ్చి కొన్న ఆట పది పదిహేనేండ్ల తరువాత కూడ కొన్నవానికి దొరకునా, దొరకదా యను ప్రశ్నను కూడ వేయవలెను.

ఈ యంత్రమునకు ఆటలు రెండు విధములుగా వచ్చెడివి. మొదటిది కార్ట్రిడ్జి, పెద్ద తపాలా బిళ్ళంత ప్లాస్టికు ముక్క. దానిని గాడిలో దూర్చినంతనే ఆట సిద్ధమగును. దానిని తమ్మునికి గాని, స్నేహితునికి గాని ఇచ్చినచో, అదే ప్రాంతమునకు తయారైన యంత్రమైతే అందులోను నడచును. రెండవది 2011 జూన్‌లో తెరచిన ఈ-షాపు. ఇందులో సరుకు బిళ్ళ కాదు. వెల చెల్లింపగనే ఆట ఇంటర్నెట్టు ద్వారా వచ్చి యంత్రములోని మెమరీ కార్డులో చేరును. కార్డు నిండినచో ఒక ఆటను తుడిచివేసి, కావలసినపుడు మరల వెల లేకుండ దింపుకొనవచ్చును. ఈ సదుపాయము నిజముగా గొప్పది. దీనిని నమ్ముకొనియే చాలమంది చిన్న కార్డులతో సరిపెట్టుకొనిరి.

కొన్ని మంచి ఆటలు బిళ్ళగా రానేలేదు. 2011లో వచ్చిన ‘పుష్మో’ అట్టిది. దిమ్మెలను ముందుకు వెనుకకు లాగి మెట్లుగా మలచుకొని పైకెక్కుట దానిలోని పని. ఎనిమిదవ తరగతి రేఖాగణితమును బోధించువారికి అందులోని చిక్కులు పనికివచ్చునన్న అతిశయోక్తి కాదు. 2013లో అమెరికా, ఐరోపా దేశములకు వచ్చిన ‘అటాక్ ఆఫ్ ది ఫ్రైడే మాన్‌స్టర్స్’ మరియొకటి. 1970 ప్రాంతమున టోక్యో శివారు పల్లెలో ఒక బాలుడు గడపిన ఒక్క మధ్యాహ్నము దాని కథ. చిన్న ఆటయే కాని కొన్ని పెద్ద ఆటలలో లేని ఆర్ద్రత అందులో నున్నది. ఇట్టివానికి ఈ-షాపు తప్ప వేరు ఇల్లు లేదు.

ఆ ఇల్లు 2023 మార్చి 27న మూతపడినది. ఆ దినము మొదలు క్రొత్తగా కొనుటకు వీలులేదు. ఈ మూసివేతను 2022 ఫిబ్రవరిలోనే కంపెనీ ప్రకటించినది. కొన్న ఆటలను మరల దింపుకొనుట, సవరణలను పొందుట, ఇంటర్నెట్టు ద్వారా ఇతరులతో ఆడుట, ఈ మూడును కనుచూపు మేర కొనసాగునని చెప్పినది. ఆ మూడింటిలో ఇతరులతో ఆడుట 2024 ఏప్రిల్‌లో ఆగిపోయినది. అనగా కనుచూపు మేర యనునది రెండేండ్ల రెండు నెలలైనది! మిగిలిన రెండును కొనసాగునని అప్పుడు మరల చెప్పిరి. ఆ మాటను శంకింప నక్కరలేదు గాని, దానికి గడువు లేదను సంగతిని గమనింపవలెను. గడువులేని వాగ్దానము ఎంత కాలమైనను నిలువవచ్చును, ఎప్పుడైనను ముగియవచ్చును.

ఇక మరల దింపుకొనుట యనగా లోపల జరుగునదేమి? సామాన్యముగా అందరు ‘నా ఆట కంపెనీవారి సర్వరులో దాచియున్నది’ అని తలంతురు. అది సగము మాత్రమే నిజము. సర్వరులో నుండు ఆట ఒకరిది కాదు. ఎందరు కొన్నను అందరికి పంపునది ఒకే ప్రతి. అది రహస్యలిపిలో నుండును. దానిని చదువుటకు ఒక తాళపుచెవి కావలెను. ఆ తాళపుచెవి ఒక చిన్న చీటీలో చుట్టబడి కొన్నవాని యంత్రమునకు వచ్చును. ఆ చీటీ మీద ఏ ఆటయో, ఏ యంత్రమునకో వ్రాసి కంపెనీ ముద్ర వేయును. ఈ ముద్ర దస్తావేజు మీది రిజిస్ట్రారు ముద్ర వంటిది. యంత్రము దానిని పరీక్షింపగలదు గాని తాను వేయజాలదు. పెద్ద సంఖ్యలను గుణించుట సులభమై, గుణకములను తిరిగి కనుగొనుట దుర్ఘటమై యుండు గణితధర్మము మీద ఇట్టి ముద్రలు ఆధారపడియున్నవి.

కాబట్టి కొన్నవానికి నిజముగా అమ్మినది ఆట కాదు, చీటీ. ఆట ప్రతిని ఎవరు దాచినను ఎవరికి నష్టము లేదు. చీటీ లేనిదే అది అర్థములేని అంకెల కుప్ప. మరల దింపుకొనునపుడు పెద్ద ప్రతి వేగముగానో నిదానముగానో వచ్చి చేరును, దానిని తెరచునది మాత్రము యంత్రములో నున్న చీటీయే. యంత్రమే పోయినపుడు చీటీని మరల ఇయ్యగలది సర్వరు ఒక్కటే.

ఈ ఏర్పాటులో మెచ్చుకొనదగిన తెలివి యున్నది. దోషము దాని తరువాతి మెట్టున వచ్చినది. ఆట మెమరీ కార్డులో చేరునపుడు యంత్రము దానిని మరియొక రహస్యలిపిలో, తనకు మాత్రమే సొంతమైన తాళపుచెవితో బంధించును. అందుచేత ఆ కార్డును తీసి సరిగా అటువంటిదే యగు మరియొక 3డి.ఎస్.లో పెట్టినను ఒక్క ఆటయు కనిపింపదు. పైగా 2013 డిసెంబరు వరకు ఈ కొనుగోళ్ళు మనిషి పేరున గాక యంత్రము పేరున నుండెడివి. తరువాత ఖాతాలు వచ్చినవి. అవియైనను ఒక సమయమున ఒకే 3డి.ఎస్.తో ముడిపడియుండును. పాత యంత్రము నుండి క్రొత్తదానికి మారుటకు రెండును పనిచేయుచు చేతిలో నుండవలెను. పాతది బస్సులో పోయినచో, నీటిలో పడినచో, కంపెనీని ప్రాధేయపడుట తప్ప వేరు దారి లేదు. సోనీ కంపెనీ తన పి.ఎస్.పి. యంత్రము విషయమున కొనుగోలును ఖాతాకు ముడివేసి, ఒకటికంటె ఎక్కువ యంత్రములలో వాడుకొననిచ్చినది. కాబట్టి ఇది శాస్త్రము తెచ్చిపెట్టిన ఇబ్బంది కాదు, నింటెండోవారు కోరి చేసిన నిర్ణయము. దొంగప్రతులకు వెరచి చేసినదే యైనను దాని బరువు నిజాయితీగా కొన్నవాని మీదనే పడినది.

సోనీ చరిత్రయు నిష్కళంకము కాదు. 2009లో వారు విడుదల చేసిన పి.ఎస్.పి. గో యంత్రమునకు బిళ్ళ దూర్చు గాడియే లేదు; అంతకుముందు కొన్న బిళ్ళలు దానిముందు నిరుపయోగము. 2021 మార్చిలో పి.ఎస్.పి., వీటా, ప్లేస్టేషన్ 3 అంగళ్ళను మూసెదమని ప్రకటించిరి. వాడుకరుల అసంతృప్తి చూచి మరుసటి నెలలో చివరి రెండింటి విషయమున వెనుకకు తగ్గిరి. పి.ఎస్.పి.లోనుండి కొనుట మాత్రము 2021 జూలై 2న ఆగినది. నింటెండోవారి అంతకుముందటి చేతియంత్రము డి.ఎస్.ఐ. అంగడి 2017 మార్చి 31న మూతపడినది. మరల దింపుకొనుట నిలిచినది గాని, 2022 మార్చిలో ఆ సర్వరు పనిచేయుట మానివేసి కొన్ని నెలలపాటు తిరిగి రాలేదు. ఆ నెలలలో డబ్బిచ్చి కొన్నవారు చేయగలిగినది ఏమియు లేదు.

బిళ్ళయే శాశ్వతమని భావించుట కూడ పొరబాటే. కార్ట్రిడ్జి ఆటలకు సైతము దోషములను దిద్దు సవరణలు ఇంటర్నెట్టు ద్వారానే వచ్చినవి. సర్వరు ఆగిన నాడు దోషములతో కూడిన మొదటి ప్రతియే మిగులును. మెమరీ కార్డు మరింత బలహీనమైనది. అందులోని ప్రతి గది చుట్టును విద్యుత్తును పోనీయని పలుచని పొర యుండును. లోపల చిక్కిన ఎలక్ట్రానుల లెక్కయే మన సమాచారము. ఆ ఎలక్ట్రానులు ఏండ్ల తరబడి ఒకటొకటిగ జారిపోవును. బీరువాలో పడియున్న కార్డు ఒకనాడు ఖాళీగ కనిపించిన ఆశ్చర్యపడ నక్కరలేదు. యంత్రపు రేడియో సైతము పాతదే: 2.4 గిగాహెర్ట్జ్ తరంగములను, డబ్ల్యు.పి.ఎ. 2 వరకు గల భద్రతను మాత్రమే ఎరుగును. ఇంటిలో క్రొత్త రౌటరును డబ్ల్యు.పి.ఎ. 3కు మాత్రమే అమర్చినచో సర్వరు సజీవముగ నున్నను యంత్రము దానిని చేరజాలదు.

గ్రంథాలయము ఈ పని చేయరాదా యని ఉపాధ్యాయులు అడుగవచ్చును. అమెరికాలో వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ వారు 2023లో ప్రకటించిన పరిశీలన ప్రకారము, ఆ దేశమున 2010కి ముందు విడుదలైన ఆటలలో 100కు 87 అంగడిలో దొరకుటలేదు. గ్రంథాలయములు ఇట్టి ఆటలను పరిశోధకులకు దూరమునుండి అందించుటకు అనుమతి కోరగా, 2024 అక్టోబరులో అక్కడి కాపీరైటు కార్యాలయము నిరాకరించినది. కాలిఫోర్నియా రాష్ట్రము మాత్రము ఒక శాసనము చేసినది. వెనుకకు తీసికొనదగిన అనుమతిని ‘కొనుడు’ అను మాటతో అమ్మువారు, అది అనుమతియేనని స్పష్టముగ చెప్పవలెను. ఇది 2025 జనవరి 1న అమలులోనికి వచ్చినది. మాట సరిచేయబడినది; చీటీ మాత్రము ఎప్పటివలెనే సర్వరు చేతిలో నున్నది.

3డి.ఎస్. కలవారు చేయదగిన పని యొకటి కలదు. మరల దింపుకొను అవకాశ మున్నంతలో, కొన్న ఆటలన్నింటిని దింపి, 32 గిగాబైట్ల వరకు గల కార్డులో చేర్చి, ఆ కార్డులోని నింటెండో 3డి.ఎస్. అను ఫోల్డరును యథాతథముగ కంప్యూటరులో నకలు తీసి పెట్టుకొనవచ్చును. కార్డు చెడినచో నకలును క్రొత్త కార్డులో వేసిన ఆటలు తిరిగి కనిపించును. అదియు అదే యంత్రములో మాత్రమే. యంత్రపు లోపలి స్మృతి చెడిన నాడు ఆ నకలును చదువగల తాళపుచెవి మరియెచ్చటను ఉండదు.